వన్‌టౌన్ పాత ఇల్లు: గోడకు సిమెంటు ఎందుకు పడదు, మిద్దె ఎందుకు కారుతుంది, వాటాలు ఎక్కడ చిక్కుపడతాయి

విశాఖ వన్‌టౌన్‌లో, అంటే పాతనగరంలో, కురుపాం మార్కెట్ నుంచి కోటవీధి మీదుగా పాత పోస్టాఫీసు వైపు వెళ్లినా, ఇటు బురుజుపేట సందుల్లోకి తిరిగినా, నూరేళ్లకు అటూ ఇటూ వయసున్న ఇళ్లు ఇంకా కనబడతాయి. వీధి అరుగు, మందపాటి గోడలు, లోపల మండువా, మీద సున్నపు మిద్దె లేదా బెంగుళూరు పెంకులు. వాటిలో చాలావాటికి గోడలు పెచ్చులూడి, దూలాలు కుంగి ఉంటాయి. చూసినవాళ్లంతా "కాలం తీరిపోయింది, పడగొట్టడమే" అనేస్తారు. పాడైన చోటును దగ్గరగా గమనిస్తే మాత్రం వేరే సంగతి తేలుతుంది. చాలా ఇళ్లలో దెబ్బ తగిలింది పాత కట్టుబడికి కాదు. గత యాభై ఏళ్లలో ఆ కట్టుబడి మీద చేసిన మరమ్మతు పక్కనున్న భాగాన్ని తినేసింది.

ఈ ఇళ్లకు అసలు కష్టం ఎప్పుడు మొదలైందో కూడా చూడాలి. 1933 డిసెంబరులో పోర్టు మొదలయ్యాక ఊరు వాల్తేరు వైపు, తర్వాత ఇంకా ఉత్తరానికి విస్తరించింది. ఉన్నవాళ్లు కొత్త పేటలకు వెళ్లారు. పాత ఇళ్లు పోర్షన్లయ్యాయి. నూతి నీళ్లతో, పెరటి చివర మరుగుదొడ్డితో బతకడానికి కట్టిన ఇంట్లోకి పోర్షనుకో కుళాయి, పోర్షనుకో స్నానాలగది వచ్చాయి. మిద్దె మీదికి కూడా. సున్నంతో కట్టిన గోడకు వానను తట్టుకోవడం తెలుసు. రోజూ ఇరవై నాలుగ్గంటలూ కారే గొట్టాన్ని తట్టుకోవడం తెలియదు.

గోడ ఎలా పనిచేస్తుంది

అడుగున రాతి పునాది, దాని మీద సున్నపు మాలుతో కట్టిన ఇటుక గోడ, ఇరువైపులా సున్నపు పూత. గోడ మందం సాధారణంగా అడుగున్నర నుంచి రెండడుగులు. పునాదికీ గోడకూ మధ్య చెమ్మను ఆపే పొర ఏదీ ఉండదు, అందుకని నేలలో ఉన్న నీరు ఇటుకల సన్నటి రంధ్రాల గుండా పైకి ఎక్కుతూనే ఉంటుంది. ఇది లోపం కాదు. ఎక్కిన నీరు సున్నపు పూత గుండా గాలిలోకి పోతుంటే, ఎక్కేదీ పోయేదీ సమానమై చెమ్మ అడుగున్నర, రెండడుగుల ఎత్తులో ఆగిపోతుంది.

సముద్రం ఒడ్డున ఉన్న ఊరిలో ఆ నీటితో పాటు ఉప్పు కూడా ఎక్కుతుంది. గాలిలో వచ్చే ఉప్పు దీనికి అదనం. నీరు ఎక్కడ ఆవిరైతే ఉప్పు అక్కడ గడ్డకడుతుంది. గడ్డకట్టేటప్పుడు పెరిగి రంధ్రాల అంచుల్ని చీలుస్తుంది. సున్నపు పూత మెత్తనిది, రంధ్రాలు పెద్దవి. ఆ చీలిక పూతలోనే జరిగి, పదీ పదిహేనేళ్లకోసారి పూత పొడిపొడిగా రాలిపోతుంది. రాలిన చోట మళ్లీ పూస్తే సరి, లోపలి ఇటుక భద్రంగా ఉంటుంది. పూత ఉన్నది అరిగిపోవడానికే.

ఇక్కడ సిమెంటు ప్లాస్టింగ్ చేస్తే ఏమవుతుందో చూడండి. పైపూత గట్టిది, నీటిని అంతగా వదలదు. కిందనుంచి ఎక్కిన నీటికి బయటకు దారి దొరక్క ఇంకా పైకి పోతుంది. రెండడుగుల చెమ్మ నాలుగు, ఐదు అడుగులవుతుంది. ఉప్పు పూత వెనకాల, ఇటుక ముఖం మీద గడ్డకడుతుంది. రెండు మూడేళ్లు గోడ కొత్తగా, నున్నగా కనిపిస్తుంది. తర్వాత ప్లాస్టింగ్ పలకలు పలకలుగా ఊడి, ప్రతి పలకా తనతో అర అంగుళం ఇటుకను పట్టుకుపోతుంది. అప్పుడు మేస్త్రి "ఇంకాస్త రిచ్చుగా కలుపుదాం" అని ఇంకా గట్టి మాలు వేస్తాడు. ఈ తంతు మూడుసార్లు జరిగిన గోడ మందం ఒక్కో వైపు అంగుళమున్నర దాకా తగ్గిపోతుంది. ప్లాస్టిక్ ఎమల్షన్ పెయింటు, గోడకు అంటించిన టైల్స్ కూడా ఇదే పని చేస్తాయి. స్నానాలగది టైల్స్ ఆగిన ఎత్తు మీద గోడ చెమర్చడం అందరూ చూసేదే.

ఇంకో కారణం వీధిలో ఉంది. రోడ్డు మీద రోడ్డు వేసుకుంటూ పోయేసరికి పాతనగరంలో చాలా చోట్ల వీధి మట్టం పెరిగి, అరుగులు కురచబడ్డాయి, కొన్ని ఇళ్లు గుమ్మం దిగి వెళ్లాల్సిన స్థితికి వచ్చాయి. ఒకప్పుడు గాలికి ఆరుతూ ఉన్న రాతి పీఠం ఇప్పుడు తారు కింద కప్పబడిపోయింది. మండువాలో పడ్డ వాన వీధి కాలువలోకి పోవడానికి పెట్టిన తూము కాలువ మట్టానికంటే కిందకు దిగిపోయి, ఒక్కోసారి కాలువ నీళ్లే వెనక్కి తంతాయి. తూము సంగతి తేల్చకుండా గోడకు ఎంత పూసినా డబ్బు దండగ.

సరిచేసే పద్ధతి ఇది. ముందు నీటి దారులు: కారే గొట్టాలు, తూము, గోడను ఆనుకుని పోసిన కాంక్రీటు. గోడ వెంబడి అడుగు వెడల్పున కాంక్రీటు తవ్వి కంకర నింపితే పీఠం మళ్లీ ఆరడం మొదలుపెడుతుంది. తర్వాత చెమ్మ గీత కనిపించే ఎత్తుకు మరో అడుగున్నర పైదాకా సిమెంటు పూత తీసేయాలి. డ్రిల్లింగు మిషనుతో కాకుండా సుత్తి, ఉలితో, ఏటవాలుగా తీయాలి. ఇటుకల మధ్య సందుల్ని ముప్పావు అంగుళం లోతు గోకి, మెత్తబడ్డ మాలును దులిపేయాలి. ఉప్పును పొడి బ్రష్షుతో ఊడ్చి, ఎత్తి బయట పారేయాలి. నీళ్లతో కడిగితే అది మళ్లీ గోడలోకే పోతుంది. ఉప్పు ఎక్కువగా ఉంటే కాగితం గుజ్జు, బంకమట్టి, ఇసుక కలిపిన ముద్దను అంగుళం మందాన మెత్తి, పూర్తిగా ఆరేదాకా వదిలి ఒలిచేయాలి. దీనికి రెండు మూడు వారాలు పడుతుంది. ఒక్కసారితో పోదు, రెండోసారీ చేయాలి.

ఆ తర్వాత గోడను ఉత్తినే ఆరనివ్వాలి. ఈ ఊళ్లో నవంబరు చివర మొదలుపెట్టి ఫిబ్రవరి దాకా ఆరబెట్టుకోవడం మంచిది. నెల రోజులు ఇటుకలు బయటపడి ఉండటం ఇంట్లోవాళ్లకు నచ్చదు, పని చెడేది సరిగ్గా ఆ తొందర దగ్గరే. బురుజుపేట వైపు ఇల్లయితే ఇంకో సంగతి: మార్గశిర గురువారాల్లో కనకమహాలక్ష్మి అమ్మవారి దర్శనానికి వచ్చే జనంతో సందులు నిండిపోతాయి. ఇసుక, ఇటుక ఆ రోజుల్లో దింపుకోవాలనుకోవద్దు.

మాలు ఎలా కలపాలి

కాల్చిన సున్నం గడ్డలు తెచ్చి నీళ్లలో వేయాలి. గడ్డల మీద నీళ్లు పోయకూడదు, భగ్గున ఉడికి కళ్లలోకి చిమ్ముతుంది. కళ్లద్దాలు, చేతులకు రబ్బరు తొడుగులు తప్పనిసరి. ఉడికిన సున్నాన్ని జల్లెడ పట్టి, మీద రెండంగుళాల నీరు నిలిచేలా తొట్టెలో కనీసం మూడు వారాలు నాననివ్వాలి. ఉడకని గడ్డలు మిగిలితే గోడెక్కాక ఉడికి, పూతలో బుడిపెలు లేచి పగులుతాయి. పూర్వం ఎద్దుల గానుగలో రాతి చక్రం కింద నలిగేది. ఇప్పుడు మిక్సరులో ఇరవై నిమిషాలైనా తిప్పాలి.

చెమ్మ తగిలే కింది భాగానికి ఒక వంతు సున్నం ముద్ద, ఒక వంతు సుర్ఖీ, రెండు వంతుల ఇసుక. పై భాగానికి ఒక వంతు సున్నం, మూడు వంతుల ఇసుక చాలు. సుర్ఖీ అంటే బాగా కాలిన ఇటుకల మెత్తటి పొడి. దాన్ని కలిపితే సున్నం చెమ్మలో కూడా గట్టిపడుతుంది. ఇసుక నాగావళిది గానీ, వంశధారది గానీ వాడండి. సముద్రపు ఇసుకను ఎంత కడిగినా దీనికి పనికిరాదు. మొదటి పొర అర అంగుళం మించకూడదు. వారం పది రోజుల తర్వాత పావు అంగుళం రెండో పొర. పది అడుగుల పొడవు, నాలుగడుగుల ఎత్తు గోడకు ముప్పావు అంగుళం మొత్తం పూతకు రెండున్నర ఘనపుటడుగుల తడి మాలు పడుతుంది. సందులు నింపడానికీ వృథాకూ కలిపి నాలుగు అనుకోండి. తడి గోనెలు కప్పి పది రోజులు నీడలో ఉంచాలి. సున్నం గాలిలోని బొగ్గుపులుసు వాయువును పీల్చుకుని, నెలకు సుమారు ఒక మిల్లీమీటరు లోతున రాయిగా మారుతుంది. మే నెల పడమటి గాలికి పూస్తే పైపొర ఎండిపోయి లోపల పిండిలా మిగిలిపోతుంది. "త్వరగా పట్టాలి కదా, గుప్పెడు సిమెంటు వేద్దాం" అనే మాట తప్పకుండా వస్తుంది. వేయనివ్వకండి. కొద్దిపాటి సిమెంటు బలాన్నివ్వదు, సున్నం మెల్లగా గట్టిపడే గుణాన్ని మాత్రం చెడగొడుతుంది. ఆరాక పల్చటి వెల్ల నాలుగు పూతలు, పూతకూ పూతకూ మధ్య ఒక రోజు.

మిద్దె

మన పెద్దిళ్ల కప్పు ఎక్కువగా మద్రాసు టెర్రస్. గోడ నుంచి గోడకు దూలాలు, వాటి మీద అడుగు, అడుగున్నర ఎడంతో టేకు దంతెలు (సన్న దూలాలు). దంతెల మీద ఆరంగుళాల పొడవు, మూడంగుళాల వెడల్పు, అంగుళం మందం ఉన్న పల్చటి ఇటుకల్ని నిలువుగా, ఏటవాలు వరసల్లో, సున్నపు మాలుతో ఒకదానికొకటి అంటించుకుంటూ పోతారు. కింద చెక్కలు కట్టనక్కర్లేదు, మాలు పట్టే పట్టుకే ఇటుక నిలుస్తుంది. దాని మీద ఇటుక ముక్కలు, సున్నం కలిపిన కాంక్రీటు మూడు నాలుగంగుళాలు పోసి, చెక్క దిమ్మిసలతో రోజుల తరబడి కొడతారు. కొట్టేటప్పుడు కరక్కాయ, బెల్లం నానబెట్టిన నీళ్లు చల్లుతారు. పది చదరపు మీటర్లకు 600 గ్రాముల కరక్కాయ, 200 గ్రాముల బెల్లం, 40 లీటర్ల నీళ్లు, పన్నెండు నుంచి ఇరవై నాలుగ్గంటల నానుడు. దిమ్మిస అతుక్కోకుండా ఎగిరి పడేదాకా కొట్టుడు ఆపకూడదు. ఆఖర్న పల్చటి పలక ఇటుకలు రెండు వరసలు, పది అడుగులకు రెండంగుళాల వాలు.

ఈ మిద్దె కారడం మొదలైతే చాలామంది చేసే పని మీద రెండంగుళాల సిమెంటు కాంక్రీటు పోయడం. లెక్క వేద్దాం. రెండంగుళాల పొర చదరపు మీటరుకు వంద కిలోల పైనే. పన్నెండు బై పదిహేను అడుగుల గదికి దాదాపు పదిహేడు చదరపు మీటర్లు, అంటే టన్నున్నర దాటి బరువు. పదేళ్లకు మళ్లీ కారితే మరో పొర. మీద వెయ్యి లీటర్ల ట్యాంకు, ఇంకో టన్ను. ఎండకు సిమెంటు పొర వ్యాకోచించే తీరు వేరు, కింద సున్నపు పొర తీరు వేరు. రెంటి మధ్య సన్నటి సందు ఏర్పడుతుంది. పైపొర బీటల్లోంచి దిగిన నీరు ఆ సందులో అడ్డంగా పాకి ఎక్కడో గదికి అవతల కారుతుంది. అందుకే కారే చోటుకు నేరుగా పైన ఎంత పూసినా కారడం ఆగదు.

నీరు చివరికి చేరేది దంతె కొసకు, గోడలో దిగిన ఆ ఆరంగుళాలకు. మధ్యలో దంతె ఇనుములా ఉన్నా, కొస మెత్తబడి ఉంటుంది. స్క్రూడ్రైవరుతో పొడిచి చూడండి. అర అంగుళం కంటే లోతుగా తేలిగ్గా దిగితే కుళ్లినట్టే. సన్నటి మట్టి గొట్టాలు గోడ మీదుగా దంతె దాకా పాకి ఉంటే చెదలు. గదిలో నిలబడి దారం కట్టి చూస్తే కుంగుడు తెలుస్తుంది. పన్నెండడుగుల దంతె మధ్యలో అంగుళం కుంగి, ఏళ్లుగా అలాగే ఉంటే భయం లేదు. ఆర్నెల్లలో పెరిగితే వెంటనే కింద పోట్లు (బరువు మోసే ఊతకర్రలు) పెట్టాలి.

కొస ఒక్కటే పాడైతే దంతె మొత్తం మార్చనక్కర్లేదు. పోట్లు పెట్టి బరువు ఎత్తుకున్నాక, పాడైన చోటును మంచి చెక్క వచ్చేదాకా కోసి, పాత టేకు ముక్కతో రెండడుగుల అతుకు వేసి, స్టెయిన్‌లెస్ బోల్టులు బిగించాలి. మామూలు ఇనుప బోల్టు ఈ ఉప్పు గాలికి నిలవదు. గోడలోకి వెళ్లే కొస చుట్టూ అర అంగుళం ఖాళీ వదలాలి. సిమెంటుతో బిగగొట్టడమే ఇన్నాళ్లూ కొసల్ని కుళ్లబెట్టింది. పైన సిమెంటు పొరల్ని ఒక మూల నుంచి కొద్దికొద్దిగా తీసి, వాలు సరిచేసి, సున్నపు పొర మళ్లీ వేయాలి. ట్యాంకును దంతెల మీద కాకుండా, రెండు బరువు మోసే గోడల మీద ఆనే ఇనుప దూలాల మీదికి మార్చాలి.

దంతెలు తీసేసి ఆర్‌సీసీ స్లాబు వేయడం మరో తరహా పొరపాటు. ఎండలో స్లాబు సాగినప్పుడు సున్నపు గోడను బయటికి తోస్తుంది. స్లాబుకు సరిగ్గా కింద గది చుట్టూ అడ్డంగా బీట కనిపిస్తే అదే కారణం. కిటికీ మూలల నుంచి ఏటవాలుగా పోయే బీట వేరు, అది పునాది దిగుతోందని చెబుతుంది. బీట పాతదో, ఇంకా నడుస్తోందో తెలియాలంటే, దాని మీద అడ్డంగా సన్నటి గాజు ముక్కను ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌తో అతికించి పక్కన తేదీ రాయండి. ఒక వర్షాకాలం గడిచాక గాజు పగిలితే ఇంజనీరును పిలవండి. పగలకపోతే సున్నపు జావ ఎక్కించి మూసేయొచ్చు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వచ్చిపోయాక చాలా ఇళ్లలో పెంకులు తిరగేసి, బీటలు మాత్రం పైన పూసి వదిలేశారు. అలాంటి చోట్ల గాజు పరీక్ష ఇప్పటికైనా చేయించడం మంచిది.

గోడల సందుల్లో మొలిచే రావి మొక్క గురించి ఒక మాట. రావిని కొట్టడానికి మనవాళ్ల చేయి రాదు. కొట్టినా కాండం వరకే కోసి వదిలేస్తారు, వేరు లోపల ఇంకా లావెక్కి గోడను విడదీస్తుంది. మొక్క జానెడు ఉన్నప్పుడే చుట్టూ మాలు తడిపి, గోకి, వేరుతో సహా తీసి, ఏ గుడి ఆవరణలోనో నాటితే అటు మనసుకూ ఇటు గోడకూ మేలు.

పక్కింటివాళ్లు పడగొట్టినప్పుడు

పాతనగరంలో ఇల్లు ఒంటరిగా నిలబడదు. గోడలు ఉమ్మడి, ఒక ఇంటి గోడ తోపుడును పక్కిల్లు ఆపుతుంది. పక్కిల్లు పడగొట్టిన రోజున మన గోడలో ఏనాడూ వాన చూడని ముఖం బయటపడుతుంది. వాళ్ల దంతెలు దిగిన గూళ్లు ఖాళీగా ఉంటాయి. ఆ గూళ్లను వానకు ముందే ఇటుకతో, సున్నపు మాలుతో పూడ్చి, గోడ తలమీద నీరు నిలవకుండా వాలు కట్టి, ముఖమంతా పూత వేయించాలి. పునాదికి గొయ్యి తవ్వేటప్పుడు ఒకేసారి గోడ పొడుగునా తవ్వనివ్వకూడదు. నాలుగైదు అడుగుల ముక్కల్లో, ఒకటి వదిలి ఒకటి తవ్వి నింపుకుంటూ పోవాలి. పని మొదలవకముందే మన బీటల ఫొటోలు తేదీతో తీసి, పక్కింటివాళ్లకు ఒక ప్రతి ఇచ్చి సంతకం తీసుకుంటే తర్వాత తగువుండదు.

వాటాలు, అనుమతులు

ఇల్లు బాగుచేయడానికి పదిమంది వారసుల్లో ఎవరూ డబ్బు పెట్టకపోవడానికి, ఎవరి వాటా ఎంతో తేలకపోవడమే తరచూ కారణం. పూర్వార్జితపు హిందూ కుటుంబ ఆస్తిలో ఆంధ్రప్రదేశ్ చట్టం 1985 సెప్టెంబరు 5 నుంచే, అప్పటికి పెళ్లికాని ఆడపిల్లలకు సమాన వాటా ఇచ్చింది. హిందూ వారసత్వ చట్టానికి కేంద్ర సవరణ 2005 సెప్టెంబరు 9న వచ్చి కూతుళ్లందరికీ ఇచ్చింది. ఆ తేదీకి తండ్రి బతికి ఉండాల్సిన పనిలేదని 2020 ఆగస్టు 11న సుప్రీంకోర్టు తేల్చింది. అయితే 2004 డిసెంబరు 20కి ముందే రిజిస్టరైన పంపకాలు, కోర్టు డిక్రీలు కదలవు. మగవాళ్లు పంచుకోవాలనుకుంటే తప్ప కుటుంబం కాపురమున్న ఇంట్లో ఆడపిల్లలు పంపకం అడగకూడదన్న ఆ చట్టపు పాత 23వ సెక్షను 2005లోనే పోయింది. దాన్ని నమ్ముకుని అక్కచెల్లెళ్ల సంతకాల్లేకుండా రాసుకున్న కాగితాలు ఇప్పుడు నిలవకపోవచ్చు.

ఒకరు తమ వాటాను బయటివాళ్లకు అమ్మేస్తే ఇల్లు పోయినట్టేనని చాలామంది బెంగ. కొన్నవాళ్లు ఉమ్మడి కాపురపు ఇంట్లోకి వచ్చి కూర్చోవడానికి ఆస్తి బదిలీ చట్టం 44వ సెక్షను ఒప్పుకోదు. వాళ్లు పంపకానికి కోర్టుకెళ్తే, కోర్టు కట్టిన విలువకు ఆ వాటాను తిరిగి కొనుక్కునే హక్కు 1893 నాటి పంపకాల చట్టం 4వ సెక్షను కుటుంబానికిస్తుంది. ఇది ఇల్లు ఇంకా కుటుంబానిదిగా, విభజన కాకుండా ఉన్నప్పుడే వర్తిస్తుంది.

పడగొట్టి కట్టుకుందామనుకునేవాళ్లు ముందు సందు వెడల్పు కొలుచుకోవాలి. పాత ఇల్లు స్థలం అంచుల దాకా ఉంటుంది. కొత్త ప్లానుకు జీవీఎంసీ (మహా విశాఖ నగరపాలక సంస్థ) నిబంధనల ప్రకారం రోడ్డు విస్తరణకు వదిలేది, ముందూ పక్కలా ఖాళీ, పార్కింగు అన్నీ పోవాలి. సందు ఎంత ఇరుకైతే ఎత్తు అంత తక్కువ. సముద్రానికి దగ్గరైతే తీరప్రాంత నిబంధనలు కూడా తగులుతాయి. మిగిలే కట్టుబడి పాత ఇంటికంటే తక్కువ రావచ్చు. కాబట్టి పడగొట్టకముందే లైసెన్సున్న ఇంజనీరు చేత నమూనా ప్లాను గీయించుకుని, వచ్చే చదరపు అడుగుల్ని పాత ఇంటి చదరపు అడుగుల పక్కన పెట్టి చూడండి. పూతలు, వెల్ల, పెంకుల మార్పిడి లాంటివి మామూలు మరమ్మతులే. గోడ స్థానం, ఎత్తు, కప్పు తీరు మారితే అనుమతి కావాలి. శిథిల భవనమని నోటీసు వస్తే ఊరుకోవద్దు. పాత కట్టుబడి తెలిసిన స్ట్రక్చరల్ ఇంజనీరు నివేదికతో, పోట్లు పెట్టిన ఫొటోలతో గడువులోగా జవాబివ్వాలి. జవాబు లేకపోతే అధికారులకు కూల్చడం తప్ప వేరే దారి కనబడదు.

డబ్బు ఒకేసారి లేకపోతే పని ఈ వరసలో పంచుకోవచ్చు. మొదటి ఏడాది తూము, గొట్టాలు, ట్యాంకు, కుంగిన చోట పోట్లు. వానలు వెళ్లాక మిద్దె మీది సిమెంటు పొరలు, దంతె కొసలు. మరుసటి చలికాలం కింది గోడలు. రంగులు, కిటికీలు అన్నిటికంటే చివర. మేస్త్రితో ఒప్పందం రాసుకునేటప్పుడు మాలు పాళ్లు, పొరల మందం, తడిపే రోజులు కాగితం మీద పెట్టి, చదరపు అడుగు లెక్కన కాకుండా రోజుకూలి లెక్కన మాట్లాడుకోండి. చదరపు అడుగు లెక్కలో పొరకూ పొరకూ మధ్య వారం ఆగితే మేస్త్రికి నష్టం, అందుకే ఆగడు.